కాలం చేసిన చప్పుడు

హిందూపురం,
11-1-1998.

అక్కకు నీ తమ్ముడు రామాంజనేయులు రాసే జాబు.

కవరు మీద చేతిరాత చూసి దీన్ని పొయ్యిలో పెట్టొద్దు. పెట్టేదైతే చదివినాక పెట్టు. నీకు ఉత్తరం రాసి అయిదేండ్ల పైనే అయింది. మీ పెద్దపిల్ల అనసూయ పెండ్లయిన ఏడాది మూడు రాస్తి, ఒకదానికీ జవాబు రాలేదు. ఈడ మేము బాగుండాము. నీ మరదలు సిద్దమ్మకు మోకాళ్ళ నొప్పులు. మడకశిర నుంచి వాళ్ళమ్మ వచ్చి నెల దినాలాయె. తల్లీకూతుర్లు పొద్దస్తమానం కన్నడంలోనే మాట్లాడుకుంటారు. ఇంట్లో తెలుగు మాట్లాడేది నేనొకడినే, అది గూడా నాలో నేనే.

ఇప్పుడు ఎందుకు రాస్తాండానంటే, నాకు బావ మగ్గం మీది పట్టుపోగు ఒకటి కావాల. పురి ఎక్కనిది, రెండు గజాలుంటే చాలు.

ఎందుకో చెప్తా. నేను పని చేసే కాలేజీ ఫిజిక్స్ ల్యాబులో పారేసిన సామాన్లతో నేనొక యంత్రం చేసినా. గాజుపెట్టెలో రెండు లోలకాలు పక్కపక్కన వేలాడతాంటాయి. ఒకటి రాగితీగకు, ఇంకొకటి దారానికి. రెండూ జోడెద్దుల మాదిరి ఒకే అడుగేస్తాయి. మధ్యలో చిన్న ఇత్తడి గంట. కాలం సక్రమంగా నడిచినంత సేపూ ఏదీ గంటను ముట్టదు. కాలం యాడన్నా తడబడితే దారం మీది లోలకం అడుగు తప్పి గంటకు తగల్తుంది. రాగికి తెలియనిది దారానికి తెలుస్తుంది. ఎందుకో నాకూ తెల్దు. నూలుతో చూసినా, నైలాన్‌తో చూసినా, కుదరలేదు. పట్టుతోనే అవుతుందని నా నమ్మకం.

నువ్వు నవ్వుతావు. నవ్వినా సరే, ఈ మాట విను. ఆ పొద్దు అనసూయ పెండ్లికి నేను తెల్లారి అయిదు గంటల బస్సెక్కినా. ధర్మవరంలో దిగేటప్పటికి నా వాచీలో ఏడుంబావు. ముహూర్తం ఎనిమిదిన్నరకు గదా, గంట టైముండాదని నడుచుకుంటా వస్తి. మండపం చేరేటప్పటికి నా వాచీలో ఏడున్నర, ఆడి గడియారం ఎనిమిదీ యాబై చూపిస్తా ఉండె. తాళి కట్టేసినారు. గంటా ఇరవై నిమిషాలు యాడికి పోయినాయో ఆ పొద్దు నుంచి ఎతుకుతానే ఉండా. ఈ యంత్రం చేసింది అందుకే.

బావకు నమస్కారం. చిన్నపిల్ల స్వప్నకు సంబంధాలు చూస్తాండారని విన్నా. సంతోషం.

నీ తమ్ముడు,
అంజి.


ధర్మవరం,
24-1-1998.

అంజికి అక్క నాగరత్నమ్మ చెప్పి రాయించేది.

నాకు కండ్లు ఆనవు కాబట్టి స్వప్న రాస్తాంది. నేను చెప్పింది చెప్పినట్ల రాయమని ఒట్టు పెట్టించుకున్నా. (మామా, నేను స్వప్నను. అమ్మ చెప్పింది ఒక్క మాటా ఇడిసిపెట్టను, తిట్లతో సహా.)

ఇన్నేండ్లు కూచోని ఆలోచించి నువ్వు కనిపెట్టింది ఇదా? నిద్రపోతినక్కా అని ఉంటే తిట్టి ఊరకుందును. బస్సు చెడిపాయె అని ఉంటే అయ్యో అందును. కాలం తడబడిందంట! కాలానికి మోకాళ్ళ నొప్పులా?

ఆ పొద్దు నేను గంప పట్టుకొని గేటు తావ నిలబడి ఉండా. మేనమామ యాడ, మేనమామ యాడ అని మగపెండ్లోళ్ళు ఒకరి తర్వాత ఒకరు అడుగుతాండారు. నా తోడబుట్టినోడు నువ్వొక్కడివే గదరా. నా మొగం యాడ పెట్టుకొనేది? ఆఖరికి మీ బావ చిన్నాయన కొడుకు పుల్లయ్య గంప ఎత్తె. ఎత్తినోడు సరిగ్గా ఎత్తినాడా? మూడడుగులేసి తూలె. పెండ్లికూతురు గంపలో నుంచి జారి పురోహితుని ఒళ్ళో పడబోయె. ఇప్పటికీ అనసూయ అత్తోళ్ళు ఆ మాట తీసి నవ్వుతారు.

నువ్వు అప్పుడు యాడ ఉన్నావో మాకు తెల్దనుకున్నావా? పెనుకొండ బస్టాండులో కూచోని దోసెలు తింటాంటే ఆ ఊర్లో ఉండే మన చుట్టం లక్ష్మన్న కండ్లారా చూసినాడు. శుభలేఖలో నీ పేరు కింద ఏసినారని అలిగినావని అందరికీ తెలుసు.

పట్టుపోగూ లేదు, ఏమీ లేదు. ఇంక రాయొద్దు.

అక్క.

(మామా, పోగు ఈ కాగితం మడతలోనే పెట్టినా. నాయన కండెలో నుంచి తీసిచ్చినాడు. అమ్మకు చెప్పొద్దు. గంట మోగితే రాయి. స్వప్న.)


హిందూపురం,
8-2-1998.

అక్కకు,

రాయొద్దన్నావు. రవంతే రాస్తా.

అది దోసె కాదు, ఇడ్లీ. రెండు ఇడ్లీలు. బస్సు పది నిమిషాలు ఆపినాడు, డ్రైవరుతో సహా అందరం తినొస్తిమి. లక్ష్మన్న చూసింది నిజమే. ఆ తర్వాత నేను బస్సెక్కింది గూడా చూసి ఉంటే బాగుండు.

శుభలేఖలో నా పేరు యాడ ఏసినారో ఈ పొద్దుకీ నాకు తెల్దు. నువ్వు చెప్పినాక పెట్టె తీసి చూస్తి. పుల్లయ్య కింద ఉండాది. ఇప్పుడు రవంత కోపం వచ్చిన మాట నిజం.

యంత్రం సంగతి. దానికి కావాల్సిన సామాను యాడ నుంచో దొరికింది, యాడ నుంచి అని అడగొద్దు. కట్టి ఆడిస్తి. మూడు దినాలు ఏమీ లేదు. నాలుగో దినం, అయిదో తేదీ పదకొండు గంటలకు, ల్యాబులో పిల్లోళ్ళు కటకాలు తుడుస్తాండారు, 'టింగ్' అనె. ఒక్కసారే. నేను స్టాఫ్ రూముకు పరిగెత్తి ఆడి గడియారం చూస్తి. మా ల్యాబు గడియారానికీ దానికీ నాలుగు నిమిషాలు తేడా. పొద్దన రెండింటినీ నా చేతులతోనే సరిచేసి ఉన్నా. మా ల్యాబు సారుతో చెప్తే, "రామాంజనేయులూ, బ్యాటరీ మార్చప్పా" అని నవ్వె. మార్చినా. అయినా ఆ నాలుగు నిమిషాలు బ్యాటరీవి కావని నాకు తెలుసు.

సిద్దమ్మ దీనికి తడబాటు గంట అని పేరు పెట్టింది. ఎగతాళికే పెట్టింది గానీ నాకు నచ్చె.

నీ తమ్ముడు.


ధర్మవరం,
20-2-1998.

అంజికి,

రాయొద్దంటే రాస్తావు. సరే, నాకూ అడిగేది ఉండాది కాబట్టి రాయిస్తాండా.

కాలం తడబడితే ఎవురికి కీడు? నేను సిద్ధాంతిని అడిగితే ఆయప్ప పంచాంగం మూసేసి, "అమ్మా, రాహుకాలం తెలుసు, వర్జ్యం తెలుసు, తడబాటు నాకు తెల్దు" అనె. నీ గంట ఇంట్లో పెట్టొద్దు. మోగనిదాన్ని మోగించుకోవద్దు. (మామా, నేను చెప్తానే ఉండా అది శకునం కాదు, సైన్సు అని. వినదు. స్వప్న.)

ఇంకొక సంగతి. స్వప్నకు పెనుకొండ సంబంధం వచ్చిండాది. అబ్బాయి పేరు మురళి, ఆడే బడిలో టీచరు. నెమ్మదస్తుడు. చూసిపోయినారు, అందరికీ నచ్చె. (నాకు గూడా. స్వప్న.) వాళ్ళ నాయన అడిగె, "మేనమామ ఉండాడా అమ్మా?" అని. ఉండాడు, హిందూపురంలో ఉండాడు అని ఆడికి ఆపేసినా. ఏం పని చేస్తాడంటే కాలేజీలో అన్నా. కాలాన్ని పట్టే గంట చేస్తాడని చెప్తే సంబంధం నిలుస్తుందా నువ్వే చెప్పు.

స్వప్నను ఎత్తేది గూడా పుల్లయ్యే అని మీ బావతో అన్నా. మీ బావ మగ్గం గుంతలోకి దిగి, పొద్దు గూకేదాకా బయటికి రాలా. నీకు చెప్పకుండా ఉందామనుకున్నా. చెప్పకుంటే నాకే నిద్ర పట్టలేదు.

అక్క.


(పోస్టుకార్డు)
హిందూపురం, 3-3-1998.

అక్కా, ఈ పొద్దు తొమ్మిదింటికి సిద్దమ్మ చూస్తాండగానే కాలం చేసింది పెద్ద చప్పుడు. నా చేతులు ఇంకా వణుకుతాండాయి. వివరంగా తర్వాత రాస్తా. వీలుంటే బావను తీసుకొని ఒకసారి వచ్చి పో. అంజి.


ధర్మవరం,
14-3-1998.

ఒరే అంజీ,

వారం దినాలైనా నవ్వుతానే ఉండా, ఏడుస్తానే ఉండా. నువ్వు కాలేజీ నుంచి వచ్చే లోపల మీ ఇంట్లో ఏం జరిగిందో నీకు ఎవురూ సరిగ్గా చెప్పి ఉండరు. సిద్దమ్మ చెప్పదు, ఆయమ్మకు సిగ్గు. కాబట్టి నేను చెప్తాండా.

నీ కార్డు వచ్చేటప్పటికి నేను వాకిట్లో కండెలు చుడతాండా. స్వప్న చదివె. తపాలా ముద్ర సరిగ్గా 'పెద్ద చప్పుడు' అనే రెండు మాటల మీద పడిండాది, నల్లగా, అక్షరం కనపడకుండా. ఇంక మిగిలింది ఏమి? 'సిద్దమ్మ చూస్తాండగానే కాలం చేసింది. నా చేతులు ఇంకా వణుకుతాండాయి.' స్వప్న చదివి కార్డు కింద పడేసె. మీ బావ మగ్గంలో నుంచి లేసి, అంగీ తిరగేసి తొడుక్కొని, "పదా" అనె. అంతే.

బస్సులో పొడుగునా ఏడిస్తి. ఎన్నేండ్లాయె ఆ ఇంటి గడప తొక్కి. నువ్వు నా తమ్మునివి, తిట్టినా పడతావు. ఆయమ్మ ఏం చేసె పాపం? అనసూయ పెండ్లికి నెల ముందునుంచి వచ్చి, వడియాలు పెట్టి, పసుపు దంచి పోయింది గదా. ఒక్క కార్డు ముక్కైనా ఆయమ్మకు రాస్తినా? బస్టాండులో నాలుగు మూరల పూలు, కొత్త కోక తీసుకొంటి, చివరిసారి కప్పేకి.

మీ సందు మలుపు తిరిగినాక ఏడుపు ఆపుకోలేకపోతి. "సిద్దమ్మా, నా తల్లీ" అని గట్టిగా అరుస్తా వస్తి. చూస్తే సిద్దమ్మ వాకిట్లో కాళ్ళు చాపుకొని రాగులు చెరుగుతాంది. నేను నిలబడిపోతి. ఆయమ్మ చాట కింద పెట్టి, "వదినా! ఎవురు పోయిరి?" అనె. నువ్వే అని యెట్ల చెప్పేది? వాళ్ళమ్మ లోపల్నుంచి వచ్చి, "యాకమ్మా అళ్తీరా?" అని, ఎందుకమ్మా ఏడుస్తావని, నన్నే ఓదారుస్తాంది. నేను సిద్దమ్మను గట్టిగా పట్టుకొని ఏడిస్తే, ఏమీ తెలియకనే ఆయమ్మా ఏడిసె. మీ బావ పూలు ఎనక్కి దాచి పెట్టుకొని గోడకు ఆనుకొని నిలబడె. ఆ పూలే సిద్దమ్మ జడలో పెట్టినా. ఆ కోకే కట్టించినా. నువ్వు వచ్చి, "ఏమక్కా, సిద్దమ్మకు సీమంతమా?" అన్నావు చూడు, అప్పుడు కొట్టాల్సింది నిన్ను.

వద్దన్నా ఇంటికి తెచ్చి పెట్టుకున్న గంట చూస్తి. మంచిగా చేసినావు. మోగలేదు గానీ, ఊగేది చూస్తాంటే మీ బావ మగ్గం మాదిరే ఉండాది.

ముహూర్తం పెట్టినారు. మే ఎనిమిదో తేదీ, పొద్దన ఎనిమిదీ పన్నెండు మొదలు ఎనిమిదిన్నర వరకు. పెండ్లి మురళీవాళ్ళ ఊరు పెనుకొండలోనే. గంప నువ్వే ఎత్తాల. పుల్లయ్యకు చెప్పేసినా. ఆయప్పకు సంతోషమే అయింది, నడుము పట్టుకొని ఉండాడంట.

కానీ అంజీ, ఒకటే మాట. ఈసారి ఇడ్లీ గూడా తినొద్దు.

అక్క.


హిందూపురం,
29-3-1998.

అక్కకు,

నీ జాబు కాలేజీలో చదివి, మళ్ళీ ఇంట్లో సిద్దమ్మకు చదివి వినిపించినా. "కప్పేకి తెచ్చిన కోకైతే ఏమి, నేత బాగుండాది" అనె. దాన్నే కట్టుకొని మార్కెట్టుకు పోయొచ్చె.

దినమూ పొద్దన శనక్కాయల మూట ఎత్తి పెరట్లో ఈ కొస నుంచి ఆ కొసకు పోతాండా. సిద్దమ్మ మూట మీద కుంకుమ పెట్టి దానికి స్వప్న అని పేరు పెట్టింది. మొదటి దినం అయిదడుగులు. ఇప్పుడు ఇరవై. మా అత్త అరుగు మీద కూచోని కన్నడంలో లెక్క పెడుతుంది.

ఇది మాత్రం నిదానంగా చదువు. ఎదుటి మనిషి నమ్మాలంటే చూపించాల గదా, అందుకని గంటను ఒళ్ళో పెట్టుకొని పెనుకొండ రోడ్డు మీద నాలుగు ఆదివారాలు బస్సులో తిరిగినా. బస్సు కుదుపుకు లోలకాలు రెండూ ఊగుతాయి గానీ కలిసే ఊగుతాయి. రెండు సార్లు మాత్రం, పెనుకొండ దాటి ధర్మవరం దిక్కు పోతాంటే, కొండ కింద పెద్ద మలుపు తావ, పట్టుపోగు ఒక్కటే తప్పె. గంట మోగె. ఒకసారి నా వాచీ మూడు నిమిషాలు ఎనకబడె, ఒకసారి ఏడు. కండక్టరు వాచీ గూడా నాదానితో పాటే ఎనకబడింది. ధర్మవరం బస్టాండు గడియారం మాత్రం ముందుండె.

ఎప్పుడు ఎంత పోతుందో నేను చెప్పలేను. ఒకసారి ఏమీ ఉండదు, ఒకసారి ఏడు నిమిషాలు, ఒకసారి గంటా ఇరవై. మీరు వచ్చేది ఆ మలుపు మీదే. అందుకే చేతులెత్తి అడుగుతాండా. పెండ్లికి ముందుదినమే పెనుకొండకు వచ్చేయండి.

అంజి.


ధర్మవరం,
16-4-1998.

అంజికి,

ముందుదినం వచ్చేకి కాదు. పెండ్లిదినం తెల్లారి ఇంట్లో గౌరీపూజ చేసి, పెండ్లికూతురు మన గడప దాటాల. అనసూయకు అట్లే చేసినాము, మా అత్తకు అట్లే చేసిరంట. తెల్లారి అయిదున్నరకు బస్సు మాట్లాడినాము. ఏడుకంతా ఆడ ఉంటాము. ముహూర్తానికి గంట పైన టైముంటుంది. నలభై కిలోమీటర్లు గూడా లేని దోవకు ఇంత భయమేమి?

మలుపు గిలుపు అని పెండ్లిలో ఎవురితోనూ అనొద్దు. సిద్దమ్మతో అను, ఆయమ్మకు అలవాటైంది. నీ సంగతి నువ్వు చూసుకో. నువ్వు ముందుదినమే పోయి మండపంలో పడుకో, అది బాగుంటుంది.

శుభలేఖలు వచ్చినాయి. నీ పేరు అందరికంటే పైన, పెద్దక్షరాలతో ఏయమన్నా. స్వప్న ఏమి రాసిచ్చిందో, ప్రెస్సోడు ఏమి అర్థం చేసుకున్నాడో, 'మేనమామ గంటా రామాంజనేయులు' అని వచ్చె. అయిదు వందలు అచ్చు వేసేసినాడు. మన ఇంటిపేరు ఎప్పుడు మారిందని చుట్టాలంతా అడుగుతాండారు. (మామా, నేను 'మా గంట మామ' అని ఒక కాగితం మీద ఊరకే రాసుకొని ఉండా. అది గూడా పోయింది ప్రెస్సుకు. నన్ను తిట్టొద్దు. స్వప్న.)

మూట ఎత్తింది చాలు. నడుము పట్టుకుంటే మళ్ళీ పుల్లయ్యే గతి.

అక్క.


ధర్మవరం,
13-5-1998.

అంజికి,

మీ బావ అద్దాలు పెట్టుకొని నేనే రాస్తాండా. అయిదో తరగతి చదువు, తప్పులుంటే సర్దుకో. స్వప్న ఉంటే రాసేది. ఆ పిల్ల ఇప్పుడు ఈడ లేదు.

పెండ్లిలో నీతో మాట్లాడేకి నాకు నోరు రాలేదు. జనం. ఆ పైన సిగ్గు. ఇప్పుడు చెప్తా.

అయిదున్నరకు బస్సు కదిలె. ఆడోళ్ళు పాటలు ఎత్తుకున్నారు. మలుపు వచ్చినప్పుడు నేను కావాలనే చూసినా, నీ మాట అబద్ధమని చెప్పాలని. ఏమీ లేదు. బస్సు ఆగలేదు, కుదపలేదు. ఒక్క క్షణం పాట వినపడనట్లయ్యె. నా చెవులే అనుకుంటి. మళ్ళీ అదే చరణం పాడతాండారు. పెనుకొండ వచ్చినాక మీ బావ వాచీ చూసి, "ఆరూ యాబై. బాగా వచ్చినాము" అనె. స్వప్న వాచీలో అంతే, డ్రైవరు వాచీలో అంతే. నేను సంతోషపడి, "మా తమ్ముడింకా పండ్లు తోముకుంటాంటాడు" అన్నా. అందరూ నవ్విరి.

బస్సు దిగితే ఎండ చురుక్కుమనె. ఆరూ యాబైకి అంత ఎండ యాడుంటుంది? నా నీడ చూసుకుంటి. ఇంత పొట్టిగా ఉండాది. అప్పటికే నువ్వు రోడ్డు మీద గంప పెట్టుకొని నిలబడిండావు. పూలు చుట్టి, లోపల పట్టుగుడ్డ పరిచి, పంచె ఎగగట్టి. "అక్కా, ఎనిమిదీ పది. ఏమీ అడగొద్దు. పిల్లను కూచోబెట్టు" అన్నావు.

ఆ పొద్దు నువ్వు గూడా ఇట్లే దిగినావు గదా. ఇట్లే, గంట టైముండాదని నిమ్మళంగా నడుచుకుంటా. నా వాకిట్లోకి వచ్చినోడిని నేను నీళ్ళైనా ఇయ్యకుండా పంపిస్తి. ఆరేండ్లు రా అంజీ. తప్పు నాది. ఈ మాట రాసేకే అద్దాలు పెట్టుకుంటి. ఇంకొకరితో రాయించే మాట కాదు.

నువ్వు స్వప్నను ఎత్తుకొని పరిగెత్తింది జన్మలో మర్చిపోను. నడుస్తారు గానీ పరిగెత్తుతారా ఎవురైనా? ఎనక మేళగాళ్ళు పరిగెత్తతా వాయిస్తిరి. స్వప్న గంపలో కూచోని నవ్వింది నవ్వినట్లే.

నీ అక్క.


హిందూపురం,
22-5-1998.

అక్కకు,

నీ చేతిరాత చూసి చాలా సేపు చదవకుండానే పెట్టుకొని కూచుంటి. తప్పులు మూడే ఉండాయి.

నువ్వు దిగక ముందు మండపంలో ఏం జరిగిందో నీకు తెల్దు, చెప్తా. నేను తెల్లారే లేసి గంటను దేవుని పటం పక్కన పెట్టి ఆడిస్తి. ఆరూ ముప్పై అయిదుకు మోగె. ఒకసారి కాదు, ఆగకుండా, బడి గంట మాదిరి. మీరు సరిగ్గా అప్పుడే ఆ మలుపు తావ ఉంటారు గదా. ఏడయింది, మీరు రాలేదు. ఏడుంబావుకు లక్ష్మన్నను మోటారు సైకిలు మీద పంపిస్తి. ఆయప్ప మలుపు దాటి చానా దూరం పోయొచ్చి, "రోడ్డంతా ఖాళీ అప్పా, బస్సు యాడా లేదు" అనె. అప్పుడు లక్ష్మన్న నా మొగం చూసిన చూపు చెప్పలేను. "ఆ దినం నువ్వు గూడా..." అని ఆపేసె.

మురళీ వాళ్ళ నాయన వచ్చి, "ఏమప్పా, పెండ్లికూతురు యాడ?" అనె. నేను ఆలోచిస్తి. ఆ పొద్దు నాకు పోయింది గంటా ఇరవై. మీకూ అంతే పోతే, వచ్చేది ఎనిమిదీ పదికి. ముహూర్తం పన్నెండుకు మొదలై ముప్పైకి ముగుస్తుంది. చాలుతుంది, అన్నీ సిద్ధంగా ఉంటే. "వస్తారు సామీ. ఎనిమిదీ పదికి వస్తారు. యెట్లని అడగొద్దు, నేను పూచీ" అంటి. పురోహితుని కాళ్ళు పట్టుకొని పెండ్లికొడుకు దిక్కు చేసేదంతా ముందే చేయిస్తి. గంప రోడ్డు మీదికి తెప్పిస్తి. మేళగాళ్ళను గేటు తావ నిలబెడ్తి. మురళి ఒక్కడే ఎందుకు, యెట్ల అని అడగలేదు. పీటల మీద నుంచి, "మామా, నేనేం చేయాల?" అనె. "కూచోని ఉండు నాయనా, అదే చాలు" అంటి.

ఎనిమిదీ తొమ్మిదికి మీ పాట వినపడె.

ఎనిమిదీ ఇరవై ఆరుకు తాళి పడె. నాలుగు నిమిషాలు మిగిలినాయి.

నువ్వు తప్పు నాది అని రాసినావు. నాది గూడా ఒకటి ఉండాది, ఇంతవరకు సిద్దమ్మకు గూడా చెప్పలేదు. ఈ ఆరేండ్లలో ఎన్నో సార్లు, నేను నిజంగానే ఆ బస్సులో నిద్రపోయినానేమో, సిగ్గుపడి ఇదంతా అల్లుకున్నానేమో అని నాకే అనుమానం వచ్చేది. అందరూ ఒకే మాట చెప్తాంటే మనిషికి తన వాచీ మీద గూడా నమ్మకం పోతుంది. నువ్వు ఆ ఎండలో నీ నీడ చూసుకుంటా నిలబడితివి చూడు, అప్పుడు తీరె నా అనుమానం. మీ బస్సు ఆలస్యమైందని సంతోషపడింది ఆ మండపంలో నేనొక్కడినే. క్షమించు.

గంట గాజుపెట్టె పగిలిపోయింది. నేను పరిగెత్తతాంటే ఎవురిదో కాలు తగిలిందంట. మా సారుతో చెప్తే ఈసారి నవ్వలేదు. ఆయప్పను గూడా పెండ్లికి పిలిచి ఉంటి గదా, మండపంలోనే ఉండె. "కొత్త గాజుపెట్టె నేను ఇప్పిస్తా, ఇద్దరం కలిసి చేద్దాం" అన్నాడు. ఎండాకాలం సెలవలు ముగిసినాక మొదలుపెడతాము.

నడుము పట్టుకొని నాలుగు దినాలు మంచం దిగలేదు. సిద్దమ్మ ఆముదం రాస్తా, "మూట బరువూ పిల్ల బరువూ ఒకటేనా?" అని అడుగుతాంది. స్వప్నకు చెప్పొద్దు, మూటే తేలిక.

అంజి.


ధర్మవరం,
3-6-1998.

అంజికి, సిద్దమ్మకు,

మొన్న స్వప్న, మురళి వచ్చి మూడు దినాలుండి పోయిరి. మురళి మగ్గం తావ కూచోని మీ బావను ఒకటే ప్రశ్నలు. పోగు ఎందుకు తెగుతుంది, రంగు ఎందుకు పట్టుతుంది. మీ బావ ఇంత మాట్లాడతాడని నాకు ముప్పైయేండ్లలో తెల్దు. వాళ్ళు పోయినాక ఇల్లు నిమ్మళంగా ఉండాది. బాధ ఏమీ లేదు. ఇద్దరమూ పొద్దన్నే లేసి, సంగటి చేసుకొని, మగ్గం తావ కూచోని ఏదో ఒకటి మాట్లాడుకుంటాండాము.

అమ్మేకి నేసే చీరలన్నీ మీ బావ పక్కన పెట్టేసినాడు. కొత్త పడుగు ఎక్కించినాము. నెమలిమెడ రంగు. అది సిద్దమ్మకు. ఆ పొద్దు నేను కప్పేకి తెచ్చిన కోక ఆయమ్మ మార్కెట్టుకు కట్టుకొని పోతాందని రాసినావు గదా, అది విన్నప్పటి నుంచి నాకు మనసులో ఒకటే పీకులాట. బతికిండే మనిషికి బతికిండే మనిషి చీర నేసి ఇయ్యాల.

అంచు ఏ రంగో తేలలేదు. నేను కుంకుమ రంగు అంటే, మీ బావ గోధుమవన్నె అంటాడు. ఆఖరికి, "కట్టుకొనే మనిషి వచ్చి చెప్పాల" అని మగ్గం ఆపి, పైన గుడ్డ కప్పి పెట్టినాడు. ఇంకొక పని ముట్టడు. నీకు తెలుసు ఆయప్ప పంతం.

కాబట్టి సిద్దమ్మను తీసుకొని రా. పెండ్లి లేదు, పేరంటం లేదు, ముహూర్తం లేదు. పొద్దన వచ్చినా సరే, మాపటికి వచ్చినా సరే. ఏ దినం వస్తారో, ఏ బస్సుకు వస్తారో రాయొద్దు. ఈ జాబుకు జవాబే రాయొద్దు.

వచ్చేయండి.

నాగరత్న.